గొలుసమ్మకి నీడ

మంచు పూర్తిగా కరిగి నేల మెత్తబడితే గాని సస్కటూన్‌లో ఎవరూ కంచె పని పెట్టుకోరు. అందుకే జూన్ మొదటివారంలో మా వీధంతా తవ్విన మట్టి వాసన వేస్తుంది, చల్లగా, కాస్త పుల్లగా. మొన్న మా పెరటికీ పక్కింటి డెన్నిస్ పెరటికీ మధ్య పాత చెక్కల కంచె తీసి కొత్తది వేయిస్తుంటే, గుంతలు తోడే యంత్రం మూలన ఏదో గట్టిదాన్ని పట్టుకుని కీచుమంది. మట్టితోపాటు బయటికొచ్చి గడ్డిలో పడింది, మూరన్నర పొడవున్న ఇనప కడ్డీ, తుప్పు పట్టి, నాలుగు పలకలుగా. పని చేయిస్తున్న ఆయన దాన్ని కాలితో పక్కకి నెట్టి, అది సర్వే పిన్ అనీ, ఈ రెండు స్థలాలకీ హద్దు అనీ, సర్వేయర్‌కి ఫోన్ చేస్తాననీ చెప్పి కాఫీ తాగడానికి వెళ్ళిపోయాడు. నేను మాత్రం గబగబా వెళ్ళి ఆ కడ్డీని రెండు చేతులా పట్టుకుని, అది ఏ గుంతలోంచి వచ్చిందో ఆ గుంత పక్కనే పెట్టి, ఎవరూ కదపకుండా కాపలా కూర్చున్నాను. మా అమ్మాయి మేఘకి పద్నాలుగేళ్ళు, గుమ్మంలో నిలబడి నన్ను వింతగా చూసింది.

"అమ్మా, రిలాక్స్. ఇట్స్ జస్ట్ అ పిన్."

పిన్నే. హద్దు గుర్తు కదిలితే ఏమవుతుందో నాకు తెలిసినట్టు ఆ వీధిలో ఇంకెవరికీ తెలియదు. అలా ఒక గుర్తు కదిలినందుకు ముప్పై ఐదేళ్ళుగా ఒక కోపం నాలో ఉంది. దాన్ని నేను చల్లార్చుకోలేదు, చల్లార్చుకోవాలని అనుకోనూ లేదు. తప్పు మనిషి మీద పెట్టుకున్నానని తెలిసింది మాత్రం ఈ వారంలోనే.

మా ఊరు తెలుగు నేలకీ ఒడియా నేలకీ మధ్య, గెడ్డ పక్కన, ఎనభై గడపల ఊరు. గెడ్డ అంటే కొండవాగు. ఏడాదిలో ఎనిమిది నెలలు మోకాళ్ళు కూడా తడవవు, మిగతా నాలుగు నెలలు ఎద్దుని కూడా లాక్కుపోతుంది. ఆ ఊరి చరిత్ర ఏ పుస్తకంలోనూ లేదు, మా మామ్మ నోట్లో ఉండేది. మామ్మ అంటే మా అయ్యని కన్నతల్లి. మామ్మ అత్తగారి కాలంలో ఎవరో గొడుగు పట్టించుకున్న దొర వచ్చాడట, ఇనప గొలుసులు లాగే మనుషుల్ని వెంటబెట్టుకుని. కోతకొచ్చిన చోడి చేలో, అంటే రాగి చేలో, అడ్డంగా నడిచి, మెట్ట మీద ఒక రాయి పాతించి, సున్నం పూయించి, ఎవరితోనూ ఒక్క మాట మాట్లాడకుండా వెళ్ళిపోయాడట. మా వాళ్ళని ఎవరూ అడగలేదు. రాయి ఎందుకో ఎవరూ చెప్పలేదు. ఊరి పొలిమేరలో ఒక రాయి నిలబెడితే అది ఎవరో మా వాళ్ళకి ఒకరు చెప్పాలా? పసుపు రాశారు, కుంకం పెట్టారు, గొలుసులతో వచ్చింది కాబట్టి గొలుసమ్మ అని పేరు పెట్టారు. నవ్వుకునేవాళ్ళు నవ్వుకోండి. దొర పాతింది హద్దురాయి, మా వాళ్ళు మొక్కింది అమ్మోరికి. పాతికేళ్ళకి ఒకసారి కూడా దానివైపు చూడని వాళ్ళకంటే ఏడాదికోసారి నీళ్ళు పోసి కడిగిన వాళ్ళే ఆ రాయిని బాగా చూసుకున్నారని ఇప్పటికీ అంటాను.

ఆ రాయి లెక్కన బడీ, బడి పక్క నాలుగు ఇళ్ళూ అటు. మిగతా ఊరంతా ఇటు. రాష్ట్రాల పేర్లు నేను చెప్పను, మా ఊళ్ళోనూ ఎవరూ చెప్పేవారు కారు. అటోళ్ళు, ఇటోళ్ళు, అంతే. బళ్ళో పొద్దున ఒడియా మేష్టారు, మధ్యాహ్నం తెలుగు మేష్టారు. పొద్దున గుండ్రటి అక్షరాలు దిద్దినవాళ్ళమే మధ్యాహ్నం మళ్ళీ వేరే గుండ్రటి అక్షరాలు దిద్దేవాళ్ళం. ఓట్లప్పుడు ముందు ఇటోళ్ళు వచ్చి చూపుడువేలికి సిరా పెట్టేవారు, తరవాత అటోళ్ళు వచ్చి మధ్యవేలికి పెట్టేవారు. రెండు వేళ్ళకీ సిరా ఉన్న ఊరికి ఒక నర్సమ్మ రాలేదు, ఒక కరెంటు స్తంభం రాలేదు. అడగడానికి ఇటు వెళ్తే మీరు అటు అనేవారు, అటు వెళ్తే మీరు ఇటు అనేవారు. ఓటు మాత్రం ఇద్దరికీ కావాలి. ఇది రాస్తుంటే కూడా నా పళ్ళు పటపటలాడుతున్నాయి.

అయినా పిల్లలం కదా, మాకు అదంతా పండగే. మృగశిర కార్తెలో మొదటి వాన పడగానే మా గొలుసమ్మ పండగ వచ్చేది. ఆడవాళ్ళు కొత్త కుండల్లో పసుపునీళ్ళు కలిపి, వేపమండలు ముంచి, ముర్రాటలంటూ ఆ కుండల్ని నెత్తిన పెట్టుకుని వరసగా మెట్ట ఎక్కి ఆ రాయి మీద పోసేవారు. పచ్చటి నీళ్ళు వాలు వెంట పారుతుంటే పిల్లలం కాళ్ళు తడుపుకుంటూ, అటు ఒక గెంతూ ఇటు ఒక గెంతూ వేసే ఆట ఆడేవాళ్ళం, ఒంటికాలి మీద ఎవరు ఎక్కువ సార్లు హద్దు దాటగలరా అని. ఇంటికొస్తే చోడి అంబలి, పచ్చి ఉల్లిపాయ, నిప్పుల మీద వేయించిన ఎండు మెత్తళ్ళ చేపలు. ఆ వెనకే బడి పక్క నాలుగు ఇళ్ళ వాళ్ళ రజ పండగ. ఆ మూడు రోజులూ నేలతల్లి బయటచేరినట్టు లెక్క, నాగలి ముట్టకూడదు, గునపం దింపకూడదు. ఆడపిల్లలు నేల మీద నడవడం కంటే ఉయ్యాలలో ఉండడమే ఎక్కువ. బియ్యప్పిండి, బెల్లం, కొబ్బరి కలిపి అరిటాకులో చుట్టి నిప్పుల్లో కప్పెట్టిన పోడపిఠా అడుగు మాడి, ఆ మాడిన చెక్క కోసమే మేం కొట్టుకునేవాళ్ళం. జీడితోటలో రాలిన పళ్ళు పీల్చి గొంతు పట్టుకుపోతే మామ్మ ఉప్పు కల్లు ఇచ్చి చప్పరించమనేది.

ఉయ్యాల ఎక్కడంలో మా అప్పని మించినవాళ్ళు లేరు. అప్ప అంటే మా అక్క పైడితల్లి, నాకంటే నాలుగేళ్ళు పెద్దది. నిలబడి ఊగేది, ఊగుతూ ఎక్కాలు చెప్పేది, ఒక ఊపు తెలుగులో, ఒక ఊపు ఒడియాలో. ఇద్దరు మేష్టార్లూ ఒక్క విషయంలో ఏకమయ్యారంటే అది అప్ప చదువు గురించే. ఏడో తరగతి అవ్వగానే దీన్ని హైస్కూల్లో వెయ్యండి అని ఇద్దరూ విడివిడిగా వచ్చి అయ్యకి చెప్పి వెళ్ళారు. హైస్కూలు గెడ్డ అవతల, రెండు కోసుల దూరం. వానల నాలుగు నెలలూ గెడ్డ దాటాలంటే వంతెన కావాలి. ఇటోళ్ళు ఆ ఏడే వంతెన పని మొదలెట్టారు. గుట్టలుగా కంకర పోశారు, ఊచలు దింపారు, గెడ్డలో రెండు స్తంభాలు లేచాయి. సాయంత్రాలు అప్పా నేనూ వెళ్ళి ఆ స్తంభాలు ఎంత పెరిగాయో చూసి వచ్చేవాళ్ళం.

రాయి కదిలింది సరిగ్గా ఆ ఎండాకాలమే. మెట్ట మీద చెట్టన్నది లేదు. ఆ ఏడు ఎండలకి దూడలు చచ్చిపోయాయి. కార్తె వచ్చినా వాన పడలేదు, ఎండలోనే చేసిన పండగనాడు మామ్మకి పూనకం వచ్చింది. ఎప్పుడూ వచ్చేదే, ఆమె ఒంటి మీదకే అమ్మోరు వస్తుందని ఊరంతా ఒప్పుకున్న సంగతే. ఆ రోజు మాత్రం రాయిని కావలించుకుని ఒకటే ఏడుపు.

"నెత్తి కాలతంది రా! నన్ను నీడకి తీసుకెల్లండి రా!"

ఇందులో ఎవరికీ అనుమానం లేదు. దాహమన్నవాళ్ళకి నీళ్ళిచ్చినంత మామూలుగా, మగవాళ్ళు గునపాలు తెచ్చి రాయి చుట్టూ తవ్వారు. పైకి కనపడేది మోకాలెత్తు, లోపల నిలువెత్తు ఉంది. బయటికి తీసి కడిగితే పసుపు పొరలు పెచ్చులుగా ఊడి, కింద బాణం గుర్తు ఒకటి చెక్కి ఉంది. అమ్మోరి శూలం అన్నారు. నాటుబండిలో గడ్డి పరిచి, పడుకోబెట్టి, డప్పులతో రెండు వందల అడుగులు ఇటు నడిపించి, గెడ్డ ఒడ్డున జీడితోటలో నిలబెట్టారు. నేను బండి వెనక వేపమండ ఊపుతూ నడిచాను, అప్ప ముందు నీళ్ళు చల్లుతూ నడిచింది. నీడ పడగానే మామ్మ ముఖం ఎంత తేటపడిందో నాకు ఇప్పటికీ కళ్ళ ముందుంది. ఆ మధ్యాహ్నం నా బాల్యంలో అన్నిటికంటే మంచి మధ్యాహ్నం. చెప్పడానికి సిగ్గేమీ లేదు.

నెల తిరక్కుండా రెండు జీపులు వచ్చాయి, ఒకటి అటునించి, ఒకటి ఇటునించి. అంతకుముందు ఆసుపత్రికి తీసుకెళ్ళడానికి ఒక్క జీపు దొరక్క ప్రాణాలు పోయినవాళ్ళున్న ఊరికి ఒకేరోజు రెండు జీపులు! వంతెన ఎవరి నేల మీద పడుతుందో చూసుకోవడానికి వచ్చారు. మెట్ట ఎక్కి చూస్తే గుంత ఉంది, రాయి లేదు. బడి వరండాలో కుర్చీలు వేసుకుని ఊరందరినీ పిలిపించారు. ఎవరు కదిపారు అని అరిచారు. ఎవరూ భయపడలేదు, ఎందుకంటే తప్పు చేశామని ఎవరికీ తెలియదు. మామ్మ కొంగు సర్దుకుని, నవ్వుమొహంతో ముందుకి వెళ్ళింది.

"నానే బాబూ. అమ్మోరు ఎండకి తాళనేక నీడ అడిగింది. ఊరంతా కలిసి జీడితోటలో ఎట్టినాం. మంచి నీడ బాబూ, రండి సూద్దురు గాని."

ఆవిడ వాళ్ళని చూడ్డానికి రమ్మని పిలిచింది. చుట్టాలని పిలిచినట్టు పిలిచింది. ఇటు జీపులో వచ్చిన ఆయన, ప్యాంటుకి అంటిన పల్లేరుకాయలు పీక్కుంటూ తల కూడా ఎత్తకుండా అన్న మాట నేను గడప దగ్గర నిలబడి విన్నాను.

"ముసలిదానా, నువ్వు కదిపింది రాయి కాదు. రెండు రాష్ట్రాల హద్దు."

రాయి పాతచోట ఉంటే వంతెన ఇటోళ్ళది. కొత్తచోటు లెక్కన వంతెన అటోళ్ళ నేల మీద పడుతుంది. మీ నేల కదా మీరే కట్టుకోండని ఇటోళ్ళు, మోసం చేసి రాయి జరిపారు మేమెందుకు కడతామని అటోళ్ళు. హద్దు తేలేవరకు పని ఆపాలని తేల్చారు. జరిగిందానికి ఊరే బాధ్యత అని ఒక కాగితం రాసి, మామ్మ బొటనవేలు పట్టుకుని సిరాలో ముంచి దాని మీద నొక్కారు. తరవాత నలుగురు బంట్రోతులు గొలుసమ్మని పెకలించి, కాళ్ళతో దొర్లించి, సాక్ష్యమంటూ జీపు వెనక పడేసుకుని పోయారు. పసుపు మరకలు తోట నుంచి రోడ్డు దాకా ఉండిపోయాయి.

హద్దు తేలలేదు. ఇప్పటికీ తేలలేదు. ఆ వర్షాకాలం అయ్య అప్పతో "ఈ ఏడు ఆగమ్మా, వంతెన అయినాక ఎల్దువు" అన్నాడు. అప్ప ఆగింది. ఏడో తరగతి పుస్తకాలే మళ్ళీ మళ్ళీ చదువుకుంటూ ఒక ఏడు, అవి చిరిగిపోయాక ఇంకో ఏడు. మూడో ఏడు పెళ్ళి చేసేశారు. నా వంతు వచ్చేసరికి ఇంట్లోవాళ్ళకి ఆగకూడదని తెలిసొచ్చింది. తెలుగు మేష్టారు పట్టుబట్టి నన్ను దూరంగా హాస్టల్లో చేర్పించారు. నేను ఇక్కడికి వచ్చి విత్తనాలు పరీక్ష చేసే ల్యాబులో తెల్లకోటు వేసుకు తిరుగుతున్నానంటే, అది అప్ప ఆగినందుకు. ఒకే ఇంట్లో ఒకే గిన్నెలో తిన్న ఇద్దరిలో తెలివైనది అక్కడ ఉండిపోయింది.

హాస్టల్‌కి వెళ్ళేరోజు నాకు పన్నెండేళ్ళు. ట్రంకుపెట్టె బండిలో పెట్టాక మామ్మ నా తల నిమరబోతే చెయ్యి తోసేశాను.

"నీవల్లే అప్ప సదువు పోయింది. నీ పూనకం వల్లే."

ఆ తరవాత మామ్మకి ఎప్పుడూ పూనకం రాలేదట. పసుపు ముట్టడం మానేసిందట. రోజూ ఒక చెంబుడు నీళ్ళు పట్టుకెళ్ళి మెట్ట మీది ఖాళీ గుంతలో పోసి వచ్చేదట, పోయేదాకా. నేను డిగ్రీలో ఉండగా పోయింది. నేను వెళ్ళలేదు. పరీక్షలని చెప్పాను. పరీక్షలు నిజమే, కానీ లేకపోయినా వెళ్ళేదాన్ని కాదు, అంత కోపంగా ఉండేది ఆవిడ మీద. ఇక్కడ తెలుగువాళ్ళు పాట్‌లక్ విందులో కలిసినప్పుడు "మీదెక్కడండీ?" అని అడిగితే, దగ్గర్లోని పట్నం పేరు చెప్పేస్తాను. ఊరి పేరు చెబితే అటా ఇటా అని అడుగుతారు. అడిగితే రాయి సంగతి చెప్పాలి, మా మామ్మ సంగతి చెప్పాలి.

కడ్డీ ఊడిన మర్నాడు పొద్దున్నే సర్వేయర్ వచ్చింది. ముప్పై ఏళ్ళ అమ్మాయి, నారింజరంగు చొక్కా, మూడుకాళ్ళ పరికరం. డెన్నిస్ తన డెక్ మీద కాఫీ తాగుతూ ఆమెకి చెయ్యి ఊపాడు. వీధి చివర ఒక పిన్ను, వెనక సందులో ఒక పిన్ను చూసుకుని, కొలిచి, అరగంటలో ఒక చోట కొత్త కడ్డీ దింపి నారింజ రిబ్బను కట్టింది. నేను ఆగలేక అడిగేశాను. నిన్న ఇది ఊడిపోయింది కదా, ఎవరైనా దీన్ని తీసుకెళ్ళి పది అడుగులు అవతల పాతేస్తే అప్పుడు హద్దు ఎక్కడ ఉన్నట్టు అని. ఆ అమ్మాయి నా ప్రశ్న అర్థం కానట్టు చూసి, ఎక్కడుందో అక్కడే ఉంటుంది అంది. కడ్డీ గుర్తు మాత్రమేనట, కదిలిందని తెలిశాక దాన్ని లెక్కలోకే తీసుకోరట, ప్లాన్ చూసి చుట్టూ ఉన్న మిగతా గుర్తుల నుంచి కొలుచుకుని పాతచోటే మళ్ళీ పెడతారట. వందేళ్ళ కిందటివి కూడా అలాగే పెడతారా అంటే, గొలుసులతో కొలిచిన కాలం నుంచీ పద్ధతి ఇదేనంది. ఎక్కడైనా ఇంతేనంది.

ఎక్కడైనా ఇంతే. ఆ రెండు జీపుల్లో వచ్చినవాళ్ళ దగ్గర పటాలున్నాయి. బల్ల మీద పరుచుకుని కూర్చున్నారు, నేను చూశాను. మెట్ట మీద గుంత ఇంకా పూడలేదు, దాన్ని కూడా చూశారు. రాయిని ఎత్తి అదే గుంతలో పెట్టడానికి అరగంట చాలు. వంతెన కట్టే ఉద్దేశం ఇద్దరికీ లేదు, కట్టకపోవడానికి కారణం కావాలి. అది ఒక ముసలమ్మ నవ్వుతూ వచ్చి చేతిలో పెట్టింది. చదువుకున్నవాళ్ళు, కుర్చీల్లో కూర్చున్నవాళ్ళు, అక్షరం రాని మనిషి నెత్తిన రెండు రాష్ట్రాలు పెట్టి పోయారు. వాళ్ళలో ఒక్కడైనా ఇప్పుడు నా ముందుంటే ఏం చేస్తానో నాకే తెలియదు. అయితే ఆ మాట నమ్మింది ఎవరు? నేను. పన్నెండేళ్ళప్పుడు నమ్మితే సరే, నలభై ఆరేళ్ళ దాకా నమ్మాను. సైన్సు చదివి, లెక్కలు చదివి, ఒక్కసారి కూడా అనుమానం రాలేదు నాకు.

అప్పటికి ఇండియాలో రాత్రి అన్నాలు తినే వేళ. అప్పకి ఫోన్ చేశాను. అప్ప ఇప్పుడు జీడిపిక్కలు కొట్టే పనికి పోతుంది, జీడిరసానికి వేళ్ళు నల్లబడి, వేలిముద్రలు అరిగిపోయి, రేషన్ మిషను కూడా ఆమె వేలు పట్టదు. సర్వేయర్ చెప్పిందంతా పూస గుచ్చినట్టు చెప్పాను. రాయి కదిలితే హద్దు కదలదట అప్పా, వాళ్ళకి తెలుసు అప్పా, మామ్మది ఏ తప్పూ లేదు అని. అప్ప ఒక్కొక్కటే అడిగింది.

"రాయి కదిపితే హద్దు కదలదా?"

"కదలదు."

"ఆల్లకి తెలుసా?"

"తెలుసు."

"మరయితే మామ్మ ఏలుముద్దర ఎందుకేయించుకున్నారే?"

కూర మాడుతోందని అప్ప ఫోన్ పెట్టేసింది.

మెట్ట మీద గుంత పూడిపోయిందట, నీళ్ళు పోసేవాళ్ళు లేక. బడి పక్క నాలుగు ఇళ్ళ వాళ్ళు ఎప్పుడో వెళ్ళిపోయారు, ఉయ్యాలలు కట్టేవాళ్ళు లేరు. ముర్రాటలు మోసిన ఆడవాళ్ళలో ఇద్దరు మిగిలారట. గొలుసమ్మ ఏ కచేరీ వెనక ఏ గోడకి ఆనించి ఉందో, నీడలో ఉందో ఎండలో ఉందో, ఎవరికీ తెలియదు. గెడ్డలో రెండు స్తంభాలు మాత్రం ఉన్నాయి, కొంగలు వాలుతుంటాయట. మామ్మ బొటనవేలు పడిన కాగితం కూడా ఎక్కడో ఉండే ఉంటుంది, అలాంటివి వాళ్ళు పారెయ్యరు.

కొత్త కంచె పూర్తయింది. సాయంత్రం మేఘ పెరట్లోకి వచ్చి, కంచె మూలన కొత్త పిన్ను పక్కన చతికిలబడి కూర్చున్న నన్ను చూసి "వాట్ ఆర్ యూ డూయింగ్?" అంది. నా చేతిలో నీళ్ళ చెంబు ఉంది. మీ ముత్తవ్వకి క్షమాపణ చెప్పుకుంటున్నానని చెప్పాను. ఆ పిన్ను ముత్తవ్వకి అసలు ఏమవుతుందని అడిగింది. కూర్చో, చెబుతాను అన్నాను.